బావగారి పేరు

వీడియో తీద్దామని కుందుజ్ అన్నప్పుడు అందరూ సై అన్నారు. ముందు వరసలో ఎవరు నిలబడతారనేసరికి మాత్రం అందరికీ ఒకేసారి సిగ్గు ముంచుకొచ్చింది. మధ్యాహ్నం భోజనాల వేళ, కుట్టు కార్ఖానా వెనకాల, గుడ్డపేలికల మూటలు పడేసే చోట, ముప్పై మంది ఆడవాళ్ళు బడిలో ఫోటోకి నిలబడ్డట్టు సర్దుకున్నారు. పొడుగువాళ్ళు వెనక్కి, పొట్టివాళ్ళు ముందుకి, మొగుడు అనుమానం మనిషి అయినవాళ్ళు ఎవరో ఒకరి వీపు చాటుకి. ఈ దేశంలో ఏ గనిలో పని ఆగినా, ఏ పల్లెకి నీళ్ళు రాకపోయినా ఇప్పుడు చేసే పని ఇదే. గుంపుగా నిలబడాలి, ఒకరు మాట్లాడాలి, మిగతావాళ్ళు "నిజం, నిజం" అనాలి, తరవాత దాన్ని ఫోనులోంచి లోకం మీదికి వదలాలి. దరఖాస్తు పెడితే ఏడాదికి కూడా కదలని అధికారి, వీడియో చూస్తే సాయంత్రానికల్లా చెప్పులు వెతుక్కుంటాడని రాజధాని బిష్కెక్‌లో చిన్నపిల్లల్ని అడిగినా చెబుతారు.

మాట్లాడాల్సింది గుల్‌బరా. ఆవిడకి నోరుందని కాదు. నిజానికి నోట్లో నాలుక లేని మనిషి. కానీ కళ్ళారా చూసింది, చెవులారా విన్నది ఆవిడ ఒక్కతే.

ఆవిడ మిషను చివరి వరసలో, గోడ పక్కన ఉంటుంది. రష్యా బడిపిల్లలు వేసుకునే గౌన్లకి కాలర్లు కుడుతుంది. కుట్టి, తిరగేసి, మొనలు పుల్లతో పొడిచి పైకి తీసి, పక్కన పడేస్తుంది. పలచటి చెక్క గోడకి అవతల ఇస్త్రీ బల్లలు, వాటికి ఆవిరి పంపే బాయిలరు. బాయిలరు నెత్తిన ఒక వాల్వు ఉంది. లోపల ఆవిరి మితిమీరితే అది తనంతట తనే లేచి బుస్సున వదిలేస్తుంది. అది లేచినప్పుడల్లా ఇస్త్రీ పెట్టెలు చల్లబడతాయి, ఇస్త్రీ ఆగితే మూటలు కట్టడం ఆగుతుంది, మూటలు ఆగితే లారీ గేటు దగ్గర ఊరికే నిలబడుతుంది. వేసవి మొదట్లో ఒక పొద్దున, యజమాని తరఫున కార్ఖానా నడిపే పెద్ద వచ్చి, మెకానిక్కుతో "దాన్ని తీగ పెట్టి కట్టెయ్, ఈ మూటలు వెళ్ళాక విప్పుదాం" అన్నాడు. గుల్‌బరా అప్పుడు దారం మారుస్తోంది కాబట్టి మిషను ఆగి ఉంది, మాట స్పష్టంగా వినబడింది. చెక్కల సందులోంచి మెకానిక్కు తీగ మెలివేయడం కూడా కనబడింది. ఆ మూటలు వెళ్ళాయి, వాటి తరవాతి మూటలూ వెళ్ళాయి. మెకానిక్కు వేరే పని చూసుకుని వెళ్ళిపోయాడు. తీగ మాత్రం అక్కడే ఉండిపోయింది.

పోయిన వారం ఆవిరి గొట్టం పగిలింది. ఇస్త్రీ చేసే ఆయ్‌పేరి కుడిచెయ్యి మణికట్టు నుంచి మోచేతి దాకా ఉడికిపోయింది. నిండా ఇరవై ఏళ్ళు లేని పిల్ల. అరవలేదు కూడా, చేతిని ఎవరిదో చేతిలా చూస్తూ నిలబడిపోయింది. మర్నాడు కార్ఖానా తన ఇన్‌స్టాగ్రామ్ పేజీలో గులాబీ బొమ్మ పెట్టి, ఆ అమ్మాయి ఇస్త్రీ చేస్తూ ఫోను చూసుకుంటోందనీ, అజాగ్రత్త వల్ల దెబ్బ తగిలిందనీ, త్వరగా కోలుకోవాలని కోరుకుంటున్నామనీ రాసింది. కాల్చింది వీళ్ళు, అజాగ్రత్త ఆ పిల్లది, గులాబీ లోకానికి. ఆయ్‌పేరి ఫోను ఆ వేళంతా గుల్‌బరా సంచీలో ఛార్జింగు లేక చచ్చి పడి ఉంది.

ఇక్కడే అసలు చిక్కు. తీగ కట్టించిన కార్ఖానా పెద్ద గుల్‌బరాకి స్వయానా బావగారు, పెనిమిటికి పెద్దన్న. కోడలు అత్తింటి మగవాళ్ళ పేర్లు నోటితో అనకూడదు. మామగారి పేరు, బావగార్ల పేర్లు, ఎప్పుడో పోయిన తాతల పేర్లు కూడా పెళ్ళినాటి ముసుగుతో పాటే నోటికి అడ్డం పడతాయి. పట్నంలో పుట్టిన కోడళ్ళు ఇప్పుడు నవ్వేసి అనేస్తున్నారు. గుల్‌బరా నరీన్ కొండల్లో పుట్టిన మనిషి. పెద్ద బావగారి పేరే వీధి చివరి కొట్టతనికి కూడా ఉంటే, పదిహేనేళ్ళుగా అతన్ని "కొట్టు తాత" అనే పిలుస్తోంది. అతను ఆవిడకన్నా ఏడాది చిన్నవాడు. ఆ పేరు నేనూ ఇప్పుడు చెప్పను. గుల్‌బరా పక్కన కూర్చుని చెబుతున్న కథ ఇది, ఆవిడ నోటికి రాని మాట ముందే నా నోట రావడం మర్యాద కాదు.

కుందుజ్ బొత్తాం కాజాల మిషను నడుపుతుంది. మాట కూడా కాజా కోసినట్టే, టక్కున పడుతుంది. ఆవిడే మాటలన్నీ వల్లె వేయించింది. గుల్‌బరా గొంతు మొదట్లో వణికినా, ఆయ్‌పేరి చెయ్యి దగ్గరికి వచ్చేసరికి గట్టిపడింది. గొట్టం సంగతి చెప్పింది, తీగ సంగతి చెప్పింది. "ఆ తీగ కట్టించినది ఈ కార్ఖానా పెద్ద, ఫలానా" అని వల్లె వేసిన చోటికి వచ్చి ఆగింది. పెదవులు కలిసి విడిపోయాయి. చెయ్యి తనకి తెలియకుండానే తలగుడ్డ చివర నోటి మీదికి లాక్కుంది.

"ఆ తీగ కట్టించినది... మా బావగారు," అంది.

వెనక నుంచి అందరూ "నిజం, నిజం" అన్నారు. కుందుజ్ ఫోను దించి నుదురు కొట్టుకుంది. మళ్ళీ తీద్దామంటే భోజనాల గంట అయిపోయింది.

సాయంత్రానికి ఆ వీడియో ఎవరి చేతుల్లోనూ లేదు. మిషను మీద వంగి ఉన్న గుల్‌బరాకి పక్క వరస నుంచి అంకెలు వచ్చి పడుతున్నాయి. ఇంతమంది చూశారు, అంతమంది పంచుకున్నారు. ఇంటికి వెళ్ళాక ఫోను తెరిచి కింద రాసినవి చదవబోయింది. ఎవరో ఏడుపు బొమ్మలు పెట్టారు. ఎవరో తనని పులి అన్నారు, ఎవరో నోరు లేని గొర్రె అన్నారు. ఏ బావగారు, ఏ కార్ఖానా, ఏ ఊరు అని అడిగినవాళ్ళే ఎక్కువ. ఆయ్‌పేరికి చికిత్స చేయిస్తామని ఒక డాక్టరమ్మ రాసింది, దాని కిందే ఒకావిడ ఒళ్ళు తగ్గే టీ పొడి అమ్ముతానంది. కుందుజ్ పెద్ద బావగారి పేరు పూర్తిగా రాసింది. దానికి జవాబుగా ఎవరో, చూసినావిడే చెప్పని పేరు చూడని నువ్వెలా చెబుతావు, కోర్టుకి వస్తావా అని రాశారు. ఆ మాట తరవాత మిగతా ఆడవాళ్ళు ఎవరూ రాయలేదు. తను చేసింది మంచో చెడో గుల్‌బరాకి అంతుపట్టలేదు. ఫోను బోర్లించి పిండి కలుపుకుంది.

అత్తగారు ఉరుంకాన్ గది గడపలో కూర్చుని ఉంది. ఇక్కడి ఆచారంలో చిన్నకొడుకు వాటాకి వచ్చేది ఇల్లూ, తల్లీ కూడా. ఆ చిన్నకొడుకు, అంటే గుల్‌బరా పెనిమిటి, మాస్కోలో గోడౌనులో పని చేస్తున్నాడు. ముసలావిడకి ఫోనంటే ఒక్కటే తెలుసు. రోజూ పొద్దున్నే బంధువుల వాట్సాప్ గుంపులో మైకు బొమ్మ నొక్కి దీవెన పెడుతుంది. ఊరూరా ఉన్న బంధువులు తథాస్తు అన్నట్టు "ఓమియిన్" అని రెండు అరచేతుల బొమ్మ పెడతారు. ఎవరైనా పెట్టకపోతే ఆవిడకి తెలిసిపోతుంది.

"వీడియోలో ఏమన్నావంట?" అని అడిగింది.

"మా బావగారు అన్నాను, అత్తమ్మా."

"పేరెత్తలేదు కదా."

"లేదు."

"మంచిది," అని ముసలావిడ జపమాల తిప్పుకుంది. గుల్‌బరాకి అది మెచ్చుకోలో, కోపమో, అసలు సంగతి తెలియకపోవడమో బోధపడలేదు.

రెండోనాడు లోకం బావగారిని కనిపెట్టేసింది. అదేం కష్టం? గుల్‌బరా పేజీలో పోయిన ఏటి పెళ్ళి ఫోటో ఉంది. తెల్లటి వ్యాను ముందు పొట్టిగా, బట్టతల మీద టోపీ పెట్టుకుని నవ్వుతున్న మనిషి, పక్కన పిల్లలతో తను. కింద "మా బావగారితో" అని తనే రాసుకుంది. ఆ మనిషి నడిపి బావగారు. పొద్దున్నా సాయంత్రం కార్ఖానా ఆడవాళ్ళని ఊరిచివర కొత్త కాలనీల నుంచి ఎక్కించుకొచ్చి దింపేది ఆయనే. వ్యాను మరమ్మతులు తనే చేసుకుంటాడు. ఒకసారి కార్ఖానా గేటు కీలు ఊడితే తీగ పెట్టి బిగించాడు కూడా. ఇక చాలదా? వ్యాను అద్దం మీద దుమ్ములో ఎవరో వేలితో బూతు రాశారు. బజారు దగ్గర దాహానికి మక్సిమ్ అనే పుల్లటి అంబలి తాగుదామని ఆగితే, పీపా దగ్గర అమ్మే ఆవిడ గ్లాసు నింపబోయి ఆయన మొహం చూసి మూత పెట్టేసింది.

ఆ సాయంత్రమే కార్ఖానా పేజీలో ప్రకటన వచ్చింది. వీడియోలో చెప్పిన విషయాన్ని విచారించామనీ, వ్యాను నడిపే ఒక బయటి మనిషి అనుమతి లేకుండా యంత్రాలు ముట్టుకుని ఉండవచ్చుననీ, రేపటి నుంచి ఆ వ్యాను మాన్పించామనీ, ఇస్త్రీ చేసే అమ్మాయి అజాగ్రత్త విషయంలో మాత్రం తమ మాట తమదేననీ. గుల్‌బరా దాన్ని రెండుసార్లు చదివింది. మొదటిసారి ఎవరి గురించో అనుకుంది. రెండోసారి ఆ వ్యాను ఎవరిదో తట్టింది. అది రాయించిన చెయ్యి ఎవరిదో ఆవిడకి తెలుసు. అన్న తన తమ్ముణ్ణి ముందుకి నెట్టి తను చాటుకి తప్పుకున్నాడు. ఆ చాటు తను నోటికి అడ్డం పెట్టుకున్న తలగుడ్డ చివరే.

మాస్కోకి ఫోను చేసింది. నువ్వు తమ్ముడివి, పేరెత్తడానికి నీకు అడ్డం లేదు, నువ్వు ఒక్క మాట రాయి అని పెనిమిటిని బతిమాలింది. నన్ను చదివించింది పెద్దన్న, నాకు సైకిలు తొక్కడం నేర్పింది నడిపన్న, ఎవరి గొంతు కొయ్యమంటావు అని అతను అడిగి, వెనకనుంచి ఎవరో పిలిస్తే పెట్టేశాడు. కరవమంటే కప్పకి కోపం, విడవమంటే పాముకి కోపం. మధ్యలో గుల్‌బరా.

మూడోనాడు కుందుజ్ ఇంకో వీడియో తీసింది. ఈసారి పేలికల మూటల మీద గుల్‌బరాని కూర్చోబెట్టి, ఒక్క పేరమ్మా, ఒక్కటంటే ఒక్కటి, నాలుక ఊడి చేతిలో పడదు అంది. గుల్‌బరా పొద్దున్నుంచీ సాధన చేస్తూనే ఉంది. మిషను మోత పూర్తిగా లేచినప్పుడు, ఎవరికీ వినబడదన్న ధైర్యంతో, ఆ పేరులో మొదటి అక్షరం పలికి చూసింది. రెండోది రాలేదు. వేలు సూది కిందికి వెళ్ళబోయింది. ఇప్పుడు ఫోను ఎదట కూర్చుని, ఊపిరి పీల్చుకుని, "నడిపాయన కాదు, నడిపాయన బంగారం లాంటి మనిషి. పెద్దాయన. మా పెద్ద బావగారు," అంది.

దాంతో కథ నవ్వులపాలయ్యింది. ఇంతకీ ఈవిడకి బావగార్లు ఎంతమంది, రేపు మూడో ఆయన వస్తాడా అని రాశారు. సందు దొరికితే ఊరుకునే కుర్రకారా? ఎవరో ఆ ముక్కని కత్తిరించి పాట కట్టారు. "నడిపాయన కాదు, పెద్దాయన" అని గుల్‌బరా గొంతు తబలా మోత మీద మళ్ళీ మళ్ళీ వస్తుంటే పిల్లలు భుజాలెగరేస్తూ గంతులు వేస్తున్నారు. తన కూతురు క్లాసు పిల్లలు కూడా వేశారు. కార్ఖానా పేజీ చాలా మర్యాదగా, ఇది ఒక కుటుంబం లోపలి తగాదా, ఇందులోకి మా సంస్థను లాగవద్దని మనవి అని రాసింది. ఆయ్‌పేరి చెయ్యి ఆ పాటలో ఎక్కడా లేదు. గుల్‌బరా ఆసుపత్రికి వెళ్తే, ఆ పిల్ల ఎడమచేత్తో ఫోను పట్టుకుని అదే చూస్తోంది. "నవ్వు రాలేదక్కా, కానీ పాట బాగుంది," అంది మొహమాటంగా. గుల్‌బరాకి ఏడవాలో నవ్వాలో తెలియలేదు. కట్టు కింద వేళ్ళు కదులుతున్నాయా అని అడిగితే, రెండు కదులుతున్నాయంది.

ఇంటికి వచ్చేసరికి పెరట్లో నడిపి బావగారు వ్యాను కడుగుతున్నాడు. ఎక్కడికీ వెళ్ళని బండిని బకెట్ల కొద్దీ నీళ్ళు పోసి, చక్రాల గాడుల్లో వేలు పెట్టి మరీ కడుగుతున్నాడు. గుల్‌బరా పక్కకి తిరిగి నిలబడి, కోడలు నిలబడాల్సినట్టే నిలబడి, క్షమించమంది. ఆయన నీళ్ళ చప్పుడులో, "పోనీలే అమ్మాయ్. బండికి కూడా సెలవు కావాలి కదా," అన్నాడు. కిటికీలోంచి ఉరుంకాన్ చూస్తోంది. ఎంతసేపటి నుంచి చూస్తోందో తెలియదు.

మర్నాడు చాయ్ వేళకి పెద్ద బావగారు వచ్చారు. పండ్లు తెచ్చారు, పిల్లలకి చాక్లెట్లు తెచ్చారు. నిన్నటిదాకా గుల్‌బరాకి ఆయనంటే భయం లేదు, గౌరవమే. మూడేళ్ళ కిందట మంచు మోకాళ్ళ దాకా కురిసినప్పుడు, జ్వరంతో పేలిపోతున్న పిల్లని కోటులో చుట్టి భుజాన వేసుకుని ఆసుపత్రి దాకా నడిచింది ఈయనే. అసలు ఆ చిక్కే లేకపోతే మనుషుల్ని ద్వేషించడం ఎంత సులువు. ఆయన లోపలికి వెళ్ళకుండా పెరట్లోనే ఆగి, గోడవైపు చూస్తూ మాట్లాడారు. కోడలి మొహం చూసి మాట్లాడకూడదు కదా. ఆ మర్యాదకి లోటు లేదు.

"నువ్వు పేరెత్తకుండా మంచిపని చేశావు. ఇంటి గుట్టు నిలబెట్టావు. నడిపివాడికి వేరే లైనులో బండి పని చూస్తాను, నాలుగు రోజులు ఓపిక పట్టమను. తీగ కట్టించిందే నేనని ఒప్పుకుంటే నన్ను తీసేస్తారు, రష్యా వాళ్ళు సరుకు కొనడం ఆపేస్తారు. మీరందరూ రోడ్డున పడతారు. ఆలోచించుకో," అన్నారు.

గుల్‌బరా ఆలోచించుకుంది. ఆయన చెప్పిందంతా నిజమే అనిపించింది. అంతలో ఆయ్‌పేరి కదిలే రెండు వేళ్ళు గుర్తొచ్చి అంతా అబద్ధమనిపించింది. రెండూ ఒకదాని మీద ఒకటి పడి తల దిమ్మెక్కింది. "తీగ ఇంకా అలాగే ఉందండీ," అని మాత్రం అంది. ఆయన విననట్టు చెప్పులు విడిచి లోపలికి వెళ్ళారు. అత్తగారి గది కిటికీ రెక్క తెరిచే ఉంది.

నేల మీద పరిచిన గుడ్డ మీద రొట్టె తుంచి, బోర్సోకులనే వేయించిన పిండిముక్కలు పోసి, గుల్‌బరా చాయ్ పోయడానికి కూర్చుంది. గిన్నెలో సగమే పోసి అందించాలి, అప్పుడే ఇంకా కూర్చోమన్నట్టు. పెద్ద బావగారు తల్లి ఎదట చిన్నపిల్లాడిలా మోకాళ్ళ మీద కూర్చున్నారు. రేపు కార్ఖానాలో చిన్న చాయ్ విందు పెడుతున్నామనీ, జరిగినదంతా మరిచిపోయి అందరూ కలిసి తినాలని తన కోరిక అనీ, పెద్దదిక్కుగా అమ్మ వచ్చి ఒక దీవెన ఇవ్వాలనీ అడిగారు. దాన్ని కార్ఖానా పేజీలో లైవు పెడతారు. నడిపివాడి తల్లీ, ఆ వీడియో మనిషి అత్తా స్వయంగా వచ్చి దీవించాక ఇక నోరెత్తేవాడు ఉండడు. ఈ చివరి మాట ఆయన పైకి అనలేదు, అనాల్సిన పని లేదు.

ఉరుంకాన్ రొట్టెముక్క చాయ్‌లో నానబెట్టుకుంటోంది. పళ్ళు లేవు.

"అందరూ ఉంటారా?" అంది.

"అందరూ, అమ్మా."

"చెయ్యి కాలిన పిల్ల?"

ఆయన కాస్త తటపటాయించి, ఆ అమ్మాయినీ తీసుకొస్తాం, బాగానే ఉంటుంది అన్నారు.

"అయితే వస్తా," అంది ముసలావిడ. గుల్‌బరా చేతిలో గిన్నె పొర్లింది. సగం పోయాల్సిన చోట నిండా పోసి, గుడ్డంతా తడిపింది. నిండా పోస్తే ఇక లేచి వెళ్ళమని అర్థం. ఆ పూట అత్తగారికి మంచం పరిచేటప్పుడు, మీరు వెళ్ళకండి అన్న మాట గుల్‌బరా నాలుక చివరిదాకా వచ్చింది. అత్తగారు దీవిస్తే లోకం ముందు ఆయ్‌పేరి దోషి అవుతుంది, నడిపి బావగారు దోషి అవుతాడు, తను మతిలేని మనిషి అవుతుంది. ఏ తల్లయినా పెద్దకొడుకు వైపే కదా అనుకుని దుప్పటి అంచు సరిచేసి వచ్చేసింది.

కార్ఖానాలో బట్ట కత్తిరించే పొడుగాటి బల్ల మీద తెల్లగుడ్డ పరిచారు. చాక్‌పీసు గీతల మీద బోర్సోకులు, పుచ్చకాయ ముక్కలు, మాంసం కూరిన సమ్సాలు. మిషన్లు ఆపేశారు, బాయిలరు మాత్రం ఆపలేదు, విందు కాగానే ఇస్త్రీ ఉంది. అందరూ బల్ల చుట్టూ నిలబడ్డారు. కుందుజ్ మొహం గంటు పెట్టుకుని చివర్న నిలబడింది. గుల్‌బరాని చూసి, మీ అత్తగారికి మంచి సమ్సాలు పెడుతున్నారే, రేటు బాగా పలికింది అంది. గుల్‌బరా తల దించుకుంది. ఆయ్‌పేరిని తెచ్చి ముసలావిడ పక్కనే కూర్చోబెట్టారు, తెల్లటి కట్టు ఫోనులో బాగా కనబడేలా. నడిపి బావగారు తల్లిని దింపి, లోపలికి రమ్మన్నా రాకుండా గుమ్మం దగ్గరే టోపీ చేత్తో పట్టుకుని నిలబడ్డాడు.

కార్ఖానా పేజీ చూసుకునే ఆఫీసు అమ్మాయి ఫోనును స్టాండుకి బిగించి, లైవు మొదలైందని చెయ్యి ఊపింది. పెద్ద బావగారు తల్లి భుజం వెనక నిలబడి రెండు మంచి మాటలు చెప్పారు. మనమంతా ఒక ఇంటివాళ్ళమన్నారు. తరవాత వంగి, "అమ్మా, దీవించు," అన్నారు.

ఉరుంకాన్ ఒకసారి చెక్క గోడ వైపు చూసింది. దాని వెనక బాయిలరు గుర్రుగుర్రుమంటోంది. రెండు అరచేతులూ పైకి తిప్పి పట్టింది.

పెద్దవాళ్ళు అరచేతులు పడితే ఇంకొకరు ఊరికే నిలబడటమన్నది ఉండదు. ఆకలితో ఉన్నా, కోపంతో ఉన్నా, దేవుణ్ణి నమ్మకపోయినా చేతులు లేస్తాయి. ముప్పై మంది చేతులు లేచాయి. కుందుజ్ చేతులు కూడా, తిట్టుకుంటూనే లేచాయి. ఆయ్‌పేరి కట్టుచెయ్యి లేవకపోతే ఎడమచెయ్యి ఒక్కటే పట్టింది. పెద్ద బావగారివి లేచాయి. ఆఫీసు అమ్మాయి కూడా ఫోనును స్టాండుకి వదిలేసి రెండు చేతులూ పట్టింది. ఫోను ఒక్కటే చేతుల్లేని జీవి, అది చూస్తూ నిలబడింది.

"ఈ కప్పు కింద సూది పట్టిన ప్రతి చెయ్యీ చల్లగా ఉండాలి," అంది ఉరుంకాన్. రోజూ బంధువుల గుంపులో దీవించే గొంతే, అదే తీరు. "దూరాన ఉన్నవాళ్ళు ఇల్లు చేరాలి. కడుపున ఉన్నవాళ్ళు సుఖంగా బయటపడాలి. ఈ పిల్ల చెయ్యి మళ్ళీ పిండి పిసకాలి, బిడ్డని ఎత్తుకోవాలి. ఈ పిల్ల ఫోను చూడలేదు, పని చూసుకుంది. ఆ సంగతి దేవుడికి తెలుసు, మనుషులకీ తెలియాలి. నా నడిపికొడుకు జుమాబెక్ బండి తప్ప ఇంకో యంత్రం ముట్టుకోలేదు. వాడి దారి తెరుచుకోవాలి."

పెద్ద బావగారు తల్లి భుజం మీదికి కొద్దిగా వంగారు, కానీ చేతులు దించలేదు. దీవెన మధ్యలో చేతులు దించినవాడి గురించి ఏమంటారో ఆయనకి తెలుసు. ముసలావిడ ఆగలేదు, గొంతు పెంచలేదు.

"నా కడుపున ముందు పుట్టినవాళ్ళు ఇద్దరూ దక్కలేదు. మూడోవాడు పుడితే, వీడైనా నిలవాలని తొక్తొసున్ అని పేరు పెట్టుకున్నాను. నిలిచాడు. ఆ తీగ కట్టించింది నా తొక్తొసునే. దేవుడా, దాన్ని వాడి చేత్తోనే విప్పించు. వాడికి సిగ్గునివ్వు, ఆయుష్షునివ్వు. వాణ్ణి ఇంకొక్కసారి నిలబెట్టు. ఓమియిన్."

"ఓమియిన్," అన్నారు అందరూ. నోరు అలవాటున అనేసింది, ఏమన్నామో తరవాత తెలిసింది. ముప్పై జతల చేతులు నుదుటి నుంచి గడ్డం దాకా మొహాల మీదుగా జారాయి. గుల్‌బరా కూడా అంది. అన్నాక, ఆ పేరు వెనకాల తన గొంతు కూడా పడిందని గమనించింది. తల తిప్పి చూస్తే తొక్తొసున్ పెదవులు అప్పుడే మూసుకుంటున్నాయి. ఆయనా అన్నాడు. చేతులు మొహం మీద పెట్టుకున్నవాడు వాటిని తియ్యలేదు.

ఆఫీసు అమ్మాయి ఉలిక్కిపడి ఫోను మీదికి పరుగెత్తింది. అప్పటికే ఎక్కడివాళ్ళో అరచేతుల బొమ్మలు వరసగా పెడుతున్నారు, తెర అంతా చేతులే. కుందుజ్ నోరు తెరుచుకుని చూస్తోంది. ఇన్నాళ్ళలో ఆవిడకి మాట దొరకని సందర్భం అదొక్కటే. గుమ్మం దగ్గర నడిపి బావగారు టోపీ తలకి పెట్టుకుని, మళ్ళీ తీసి, బయటికి వెళ్ళిపోయాడు.

ఉరుంకాన్ లేవబోతే కాళ్ళు సహకరించలేదు. గుల్‌బరా రెక్క పట్టుకుంది.

"నువ్వు పేరెత్తలేదుగా?" అంది ముసలావిడ చిన్నగా.

"లేదు, అత్తమ్మా. ఓమియిన్ అన్నాను."

"అది అనొచ్చు. పేరు నేనంటాను, నేను కన్నాను కాబట్టి. నువ్వు ఎప్పటికీ అనకు. ఏం చేసినా వాడు నీ బావగారే," అంది. అని, ఆయ్‌పేరి కట్టు మీద పడ్డ బోర్సోకు ముక్క దులిపి, చాయ్ ఇవ్వమంది.

పెద్ద బావగారు మొహం మీంచి చేతులు దించారు. కళ్ళు ఎర్రగా ఉన్నాయి. ఆయన అరుస్తారో, ఏడుస్తారో, అందర్నీ బయటికి పొమ్మంటారో ఎవరికీ తెలియదు, బహుశా ఆయనకీ తెలియదు. ఎవరూ సమ్సా ముట్టుకోలేదు. ఆయన చెక్క గోడ వైపు రెండడుగులు వేసి ఆగారు. కోటు జేబులు తడుముకున్నారు.

"కటింగ్ ప్లయరు ఎక్కడుంది?" అన్నారు, ఎవరినీ చూడకుండా.

కొత్త మెకానిక్కు భయంతో బిగుసుకుపోయాడు. మిగతావాళ్ళు ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు. గుల్‌బరా చాయ్ గిన్నె బల్ల మీద పెట్టి, తలగుడ్డ చివర నోటి మీంచి తీసింది.

"బాయిలరు పక్కన మేకుకి వేలాడుతోందండీ, బావగారూ," అంది.